అందరి నోట ఒకటే రుచి

కిందటి నెల విజయనగరంలో పన్ను పీకించుకున్నాను. సూది మందుకి నాలుక మొత్తం మొద్దుబారిపోయింది. రెండు గంటల దాకా ఏమీ తినొద్దు, తాగొద్దు అంది డాక్టరమ్మ. బస్సు కోసం ఆర్టీసీ కాంప్లెక్సులో కూర్చునేసరికి టీ మీదకి మనసు పోయింది. తాగితే వేడి తెలిసింది గానీ తీపి తెలియలేదు. పక్కన కూర్చున్నావిడ మిరపకాయ బజ్జీ తింటోంది. ఆవిడ నోట్లో కారం నా నోట్లోకి వస్తుందేమోనని కాసేపు ఎదురుచూశాను. రాదని తెలుసు. చిన్నప్పుడు మా ఊళ్ళో అయితే, ఇద్దరం ఒకే తాడు పట్టుకుని ఉంటే వచ్చేది.

ఈ సంగతి పై ఊళ్ళవాళ్ళకి చెబితే సగంమంది నవ్వుతారు, సగంమంది జాలిపడతారు. నేను ఇద్దరినీ పట్టించుకోను. మాది శ్రీకాకుళం వైపు సముద్రపొడ్డు ఊరు. ఊరందరికీ కలిపి ఒక పెద్దవల ఉండేది. పడవ ఆ వలని అర్ధచంద్రంగా సముద్రంలో వేసి వచ్చేది. రెండు కొసలకీ కట్టిన కొబ్బరిపీచు తాళ్ళని ఆడా మగా పిల్లా జెల్లా అంతా కలిసి ఒడ్డుకి లాగేవాళ్ళం. ఆ పీచుతాడు ఉప్పునీటిలో తడిసి ఉన్నంతసేపూ, దాన్ని పట్టుకున్నవాళ్ళలో ఒకళ్ళ నోట్లో ఏ రుచి ఉంటే అదే అందరి నోళ్ళలోకీ వచ్చేది. దాన్ని మావాళ్ళు పొత్తునోరు అనేవారు. వల ఒడ్డుకొచ్చాక నూతి దగ్గర మంచినీళ్ళతో చేతులు కడుక్కుంటే పోయేది. ఎందుకు వస్తుందని మా ఊళ్ళో ఎవరూ అడగలేదు. ఆకలెందుకేస్తుందని ఎవరడుగుతారు?

దానికి తగ్గ కట్టుబాట్లుండేవి. వల రోజు పొద్దున్న అందరి ఇళ్ళలోనూ చోడి అంబలే, అంటే రాగి జావే. నంజుకోడానికి ఉల్లిపాయ కూడా ఉండదు. నోరు మూడుసార్లు పుక్కిలించి తాడు దగ్గరికి రావాలి. మాత్రలు మింగేవాళ్ళు రాకూడదు, వాళ్ళ చేదు అందరికీ ఎందుకు? చుట్ట కాల్చినవాడు తాడు ముట్టుకుంటే ఆడవాళ్ళు వాడి తాతముత్తాతల్ని లేపి మరీ తిట్టేవారు. కొత్తగా నెల తప్పిన పిల్ల తాడు పడితే మగాళ్ళందరికీ ఒకేసారి నోట్లో నీళ్ళూరి వికారం పుట్టేది. ఆ ఏడు ఒడ్డు మీద కొత్త పెళ్ళికూతురు ఒక్కతే కాబట్టి, మా పక్కింటి కోడలి సంగతి వాళ్ళాయనకంటే ముందు ఒడ్డు మొత్తానికి తెలిసింది. అతనూ తాడు పట్టుకునే ఉన్నాడు గానీ, అంబలి పులిసిందనుకున్నాడట.

ఇందులో ఒక్కటే చిక్కు. రుచి వచ్చేది గానీ అది ఎవరి నోటిదో తెలిసేది కాదు. నీ నోట్లో పుట్టినట్టే ఉండేది. పిల్లలకి ఇంతకంటే ఏం కావాలి? నేనూ నా నేస్తమూ గౌను జేబులో పచ్చి చింతకాయ పెట్టుకుని పోయేవాళ్ళం. అంతా ఊపిరి బిగబట్టి లాగుతుండగా తాడు తోక దగ్గర నిలబడి ఒక్క కొరుకు కొరికేవాళ్ళం. పళ్ళు పులిసి, మీసాలవాళ్ళందరి మొహాలూ ఒకేసారి వంకరపోయేవి.

"ఏ గుంటవే అది? దొరికితే సింతబరికి ఇరిగిపోద్ది" అని అరిచేవారు. దొరికితే కదా. మేమూ మొహాలు వంకర పెట్టుకునే నిలబడేవాళ్ళం.

మా బడికి బొబ్బిలి నుంచి ఒక మాస్టారు బదిలీ మీద వచ్చారు. వీణలు చేసే ఇంటి మనిషి. ఇదంతా మూఢనమ్మకం అని క్లాసులో చెప్పి, సరదాగా చూద్దామని ఒకరోజు ప్యాంటు మడిచి తాడు పట్టారు. ఆ రోజు మేం జీడిపండు కొరికాం. గొంతు పట్టేసి ఆయన అరగంట దగ్గారు. మర్నాడు నోటుపుస్తకంతో వచ్చి మా తాత పక్కన కూర్చున్నారు.

"వీణలో ఒక తీగ మీటితే పక్క తీగ కూడా పలుకుతుంది తాతగారూ. ఇది అలాంటిదే అయుంటుంది" అన్నారు.

"తీగలు జీడిపండు తింతాయేటి మాస్టారూ?" అన్నాడు తాత. మాస్టారు నవ్వి పుస్తకం మూసేశారు. ఆ తరవాత ఆయన కూడా వల రోజు అంబలే తాగి వచ్చేవారు.

తాత అంటే మా నాన్నకి నాన్న. ఆయన వలకి ముందు మనిషి. మా నాన్న ఏడాదిలో ఎక్కువ నెలలు గుజరాత్ బోట్ల మీద ఉండేవాడు కాబట్టి ఇంట్లో అమ్మా, నేనూ, తాతే. ముందు మనిషి పని ఏమిటంటే, వల వెయ్యబోయే ముందు అందరూ తడి తాడు పట్టుకుని నిలబడతారు. ఆయన ఒక చేత్తో తాడు పట్టుకునే మోకాటి లోతు నీళ్ళలోకి దిగి మూడు వేళ్ళు ముంచి నోట్లో పెట్టుకుంటాడు. ఆ రుచి అందరికీ తెలుస్తుంది. వెయ్యాలా వద్దా అనే మాట మాత్రం ఆయనే చెప్పాలి. మా ఊరికి దక్షిణాన ఏరు సముద్రంలో కలుస్తుంది. ఆ ఏటికీ మాకూ మధ్య నీటి కింద రాళ్ళున్నాయి. ఉప్పు కాస్త విరిగి అడుగున తీపి తగిలిందంటే ఏటినీరు మా వైపు వస్తోందని, నీటి లాగుడు రాళ్ళకి దూరంగా ఉందని అర్థం. కటిక ఉప్పయితే లాగుడు రాళ్ళ మీదికి ఉన్నట్టు. ఆ రోజు వల ముట్టకూడదు. వినడానికి తేలికే. కానీ ఆ అడుగు తీపి ఒక రోజు గోరంత ఉండేది, ఒక రోజు అంత కూడా ఉండేది కాదు. ముప్పై ఏళ్ళలో తాత మాట తప్పలేదని అందరూ అనేవారు. తాత కూడా అనేవాడు, కొంచెం ఎక్కువసార్లే.

నాకు పన్నెండో ఏడు నడుస్తుండగా ఆ వానాకాలంలో తాతకి పెద్ద జ్వరం వచ్చింది. ఇరవై రోజులు మంచం దిగలేదు. తగ్గాక చిక్కిపోయాడు గానీ మాటల్లో జోరు తగ్గలేదు. ఓ పొద్దున్న ఆయన టీలో పంచదార బదులు చెంచాడు ఉప్పు కలిపి ఇచ్చాను. గుమ్మం పక్కన నక్కి, ఎప్పుడు ఉమ్ముతాడా అని చూస్తున్నాను. ఆయన గ్లాసుడూ తాగాడు. మీసం తుడుచుకుని, "బాగున్నాదే, మీ అమ్మ కంటె బాగెట్టినావు" అన్నాడు.

నేను నవ్వలేదు. నా మొహం చూసి ఆయనకి అర్థమైపోయింది. గ్లాసు అడుగున వేలు పెట్టి తడిమాడు. కరగని ఉప్పు గళ్ళు వేలికి అంటుకున్నాయి. చాలాసేపు వాటినే చూశాడు.

"జొరం ఒచ్చినకాడి నుంచీ ఇంతే. గడ్డి తిన్నా ఒకటే, గంజి తాగినా ఒకటే" అన్నాడు.

"అమ్మకి తెల్సా?"

"తెల్దు. ఎవులికీ తెల్దు. నువ్వూ సెప్పకు."

"వల కాడ ఏలు నోట్లో ఎట్టుకుంటే అందరికీ తెలిసిపోద్ది కదా తాతా."

ఆయన దానికే భయపడుతున్నాడు. వానలు తగ్గితే వల మొదలవుతుంది. ముందు మనిషి వేలు నోట్లో పెట్టుకుంటే ఏ రుచీ రాకపోతే అక్కడితో సరి. ఆయన్ని తిట్టరు, కొట్టరు. గౌరవంగానే వెనక్కి పంపుతారు. మా తాతకి అది చావుతో సమానం. ఆయనకి చదువు లేదు, పొలం లేదు, సొంత పడవ లేదు. ఊళ్ళో ఆయనంటూ ఒకడున్నాడంటే ఆ నిలబడే చోటు వల్లే.

ఉపాయం నాదే. ఇప్పటికీ దానికి నాకు గర్వమూ ఉంది, సిగ్గూ ఉంది. ఎవరి నోరో ఎవరికీ తెలియదు కాబట్టి, ఆయన వేలు నోట్లో పెట్టుకున్నప్పుడే నేనూ వెనకాల తాడు తోక దగ్గర పెట్టుకుంటే చాలన్నాను. తాత నన్ను ఎగాదిగా చూశాడు. "ఓలమ్మ, నీకు నా బుర్రే ఒచ్చినాది" అన్నాడు.

అలా ఆ ఏడు ముందు మనిషి నాలుక నేనయ్యాను. తాత నీళ్ళలోకి దిగి తలగుడ్డ సర్దుకునేవాడు. అది గుర్తు. నేను ముందే తడిపి పెట్టుకున్న వేళ్ళు నోట్లో పెట్టుకునేదాన్ని. రుచి అందరికీ పోయేది. తాతకీ పోయేది. ఆయన కళ్ళు మూసుకుని, కాసేపు ఆగి, "ఏసీండి" అనో "ఒద్దు, ఇల్లకి పోండి" అనో చెప్పేవాడు. చదివేది ఆయనే, నేను ఉత్తి రాతపలకనే. రెండు నెలలు ఒక్క మాట తప్పలేదు.

వల ఒడ్డుకొచ్చాక అందరూ నూతి దగ్గరికి పోతే మేమిద్దరం తడి తాడు చుట్ట మీద, కొస చేత్తో పట్టుకుని కూర్చునేవాళ్ళం. అమ్మ అక్కడే ఇసకలో పొయ్యి పెట్టి నెత్తళ్ళ చేపలు వేయించి ఇచ్చేది. నేను తినేదాన్ని. తాత ఖాళీ నోటితో పక్కన కూర్చునేవాడు.

"మెల్లగ నవులు. మింగీకు. కరేపాకు తగిల్నాది, దాన్నీ నవులు" అనేవాడు. ఆయన కంట నీళ్ళు తిరిగేవి. అమ్మేమో, ముసలాయన తన వాటా కూడా మనవరాలికి పెట్టేస్తున్నాడని నన్ను తిట్టేది. నేను ఒళ్ళు చేశాను, ఆయన చిక్కిపోయాడు. ఇంట్లో పళ్ళెం ముందు కూర్చుంటే ఆయనకి నాలుగు ముద్దలు దిగేవి కావు.

ఆ తప్పు జరిగిన రోజు మామూలు రోజే. సముద్రం మీద కొంచెం మంచుంది. దారిలో నా నేస్తం రెండు ఉసిరికాయలు తెచ్చి ఒకటి నాకిచ్చింది. వల రోజు తినకూడదని ఇద్దరికీ తెలుసు. తాడు పట్టక ముందే కదా అనుకున్నాం. తిని, ఉమ్మి, సముద్రపు నీళ్ళతోనే పుక్కిలించి, మూతి తుడుచుకుని తోక దగ్గర నిలబడ్డాను. తాత తలగుడ్డ సర్దుకున్నాడు. నేను వేళ్ళు నోట్లో పెట్టుకున్నాను.

ఉసిరికాయ తిన్న నోటికి ఏ నీళ్ళయినా తియ్యగానే ఉంటాయి. ఆ సంగతి ఒకటో తరగతి పిల్లకి కూడా తెలుసు. నాకు ఆ క్షణం దాకా తట్టలేదు. ఉప్పు వెనకాల ఇంతలావు తీపి తన్నుకొచ్చింది. తాడు పొడుగునా అందరూ కదిలారు. "తీపి, తీపి" అన్నారు ఎవరో. అంత తీపి ఆ ఏడు ఒక్క రోజూ తగల్లేదు. తాత కళ్ళు మూసుకుని, మామూలు కంటే తక్కువసేపే ఆగి, "ఏసీండి" అన్నాడు.

నేను అప్పుడే నోరు తెరిచి ఉండాల్సింది. ఉసిరికాయ తిన్నానని అరిస్తే సరిపోయేది. అరిస్తే, నువ్వు తింటే మాకేం, రుచి చూసింది మీ తాత కదా అని అడుగుతారు. అప్పుడు రెండు నెలల గుట్టూ బయటపడుతుంది. చెప్పనని తాతకి మాటిచ్చాను. పైగా నాకు దెబ్బలంటే భయం. ఏది ఎంతో ఇప్పుడు తూకం వెయ్యలేను.

పడవ కెరటం దాటాక తాత నాలుక ఆడించాడు. దూరం నుంచే చూశాను. ఒకసారి ఆగి, మళ్ళీ ఆడించాడు. వెనక్కి తిరిగి నేరుగా నన్ను చూశాడు. ఆయన చెయ్యి తలగుడ్డ మీదకి పోయింది. ఆ గుడ్డ తీసి ఊపితే పడవ వెనక్కి వచ్చేస్తుంది, అది మా ఒడ్డు పద్ధతి. చెయ్యి అక్కడే కాసేపు ఉండి కిందికి దిగిపోయింది.

వల రాళ్ళకి పట్టింది. నలభైమందిమి లాగుతుంటే తాడు రాలేదు. తరవాత ఒక్కసారిగా తేలిగ్గా వచ్చేసింది. సగం వల వచ్చింది, సగం అక్కడే పోయింది. ఆ వల ఊరంతా కూర్చుని రెండు వానాకాలాలు అల్లినది. ఎవరూ ఏడవలేదు. చినిగిన అంచు పట్టుకుని అలా చూస్తూ ఉండిపోయారు.

తాత నీళ్ళలోంచి పైకి వచ్చాడు. తలగుడ్డ విప్పి, అక్కడున్న వాళ్ళలో పెద్దవాడైన మా మావయ్య చేతిలో పెట్టాడు.

"నా నాలిక పోనాది. జొరంలోనే పోనాది. దాసీసినాను. తప్పు నాదే" అన్నాడు.

 మావయ్య అడిగాడు: "మరి ఈ రెండ్నెల్లూ మాకు తగిల్న రుచి ఎవులిది?"

 తాత నా వైపు చూడలేదు.

"నలభైమంది నోర్లున్నాయి. ఎవులిదని సెప్పగలం?" అన్నాడు.

నిజానికి అది అబద్ధం కూడా కాదు. వాళ్ళు ఒకళ్ళ మొహాలొకళ్ళు చూసుకున్నారు. తడి వేళ్ళు నోట్లో పెట్టుకునే అలవాటు ఊళ్ళో అందరికీ ఉంది. ఏ రోజు రుచి ఎవరిదో, తమదేనేమో అని ఎవరికి వాళ్ళకి అనుమానం వచ్చింది. అక్కడితో ఆ మాట ఆగిపోయింది.

మర్నాడు నేను తాత దగ్గరికి పోయి, అందరికీ చెప్పేస్తానన్నాను. ఆయన చినిగిన వల ముందేసుకుని అల్లుతున్నాడు.

"ఉసిరికాయ ఎవులిచ్చినారు?" అన్నాడు తల ఎత్తకుండా. చెప్పాను.

"నాలిక పోనాది గాని బుర్ర పోనేదు నాకు. నీళ్ళు ముట్టకండానే రొండోపాలి తీపి ఊట ఊరినప్పుడే ఉసిరికాయని ఎరిగినాను. గుడ్డ ఊపుదునా అనుకున్నాను, ఊపనేదు. ఊపితే ఎందుకని అడుగుతారు. వల పోద్దేమో, పోకపోవచ్చును, నా సోటు ఉంటాది కదా అనుకున్నాను." సూదీ దారమూ పక్కన పెట్టాడు. "రుచి నీదే గుంటా. ఏసీండని సెప్పిన మాట నాది. మాట సెప్పినోడిదే తప్పు. నువ్వు ఎవులికీ సెప్పకు, సెప్తే నా మీద ఒట్టు."

ఆ ఒట్టు మీద నాకు కోపం వచ్చింది, హాయిగా కూడా అనిపించింది. పన్నెండేళ్ళ పిల్లకి రెండూ ఒకేసారి వస్తాయి.

ఆ తరవాత మావయ్య ముందు మనిషి అయ్యాడు. అతుకులేసిన వలతో ఆ ఏడు గడిచింది. తాత పిల్లలతోపాటు తాడు తోక దగ్గర నిలబడేవాడు. ఒకటి రెండుసార్లు చింతకాయ కూడా ఆయనే తెచ్చిచ్చాడు. మరుసటేడు పెద్ద తుఫానులో ఆ వలా, పీచుతాళ్ళూ అన్నీ కొట్టుకుపోయాయి. సాయం కింద కొత్త వల వచ్చింది, నైలాను తాళ్ళతో. తేలిక, కుళ్ళదు, అరచేతులు కొయ్యదు. పట్టుకుంటే మాత్రం ఎవరి నోరు వాళ్ళదే. మొదటి రోజు అందరూ పట్టుకుని కాసేపు చూశారు, తరవాత లాగడం మొదలుపెట్టారు. తాత ఆ తాడు వదిలేసి ఇంటికొచ్చేశాడు. ఇంకో రెండేళ్ళు బతికాడు. "మావా, ఉప్పు సరిపోనాదా?" అని అమ్మ పూటపూటా అడిగేది. "సరిపోనాది" అనేవాడు. ఆ రెండేళ్ళూ నేను ఆయన ఎదుట ఏదీ ఇష్టంగా తినలేకపోయాను.

మొన్న మా మావయ్య మనవడి బారసాలకి ఊరెళ్ళాను. భోజనాల బంతిలో కూర్చున్నప్పుడు పాత వల మాట వచ్చింది. మావయ్య కుర్రాళ్ళకి కథలా చెబుతున్నాడు.

"ముసిలోడికి నాలిక సచ్చిపోనాది. ఆ సంగతి దాసీసి, బంగారమంటి వల తీసికెళ్ళి రాళ్ళ మీద ఏయించీసినాడు."

కుర్రాళ్ళు నవ్వారు. చెడ్డగా కాదు, ఊరి ముచ్చట విన్నట్టే నవ్వారు. ఏళ్ళ తరబడి ఈ ముచ్చట వింటూ తల వంచుకుని తిన్నదాన్ని. ఈసారి చేతిలో ముద్ద పళ్ళెంలో పెట్టేసి చెప్పాను: "తాత కాదు మావయ్యా. నాను. ఉసిరికాయ తిని తాడు పట్టుకున్నాను. ఆ రెండు నెల్లూ మీకు తగిల్న రుచి నాదే."

 ఎదురు వరసలో నా నేస్తం కూర్చుని ఉంది, ఇద్దరు పిల్లల తల్లి ఇప్పుడు. ఆమె వైపు చూశాను.

"ఉసిరికాయా? నాకు గుర్తునేదే" అంది. అబద్ధం చెప్పే మొహం కాదది. నిజంగానే గుర్తులేదు.

మావయ్య నా భుజం తట్టాడు. "తాతంటే పేనం దీనికి. సచ్చిపోనోడి మీద మాట పడనీదు, సూడండి" అన్నాడు కుర్రాళ్ళతో. నన్ను మెచ్చుకుంటున్నట్టే అన్నాడు. అమ్మ వచ్చి నా పళ్ళెంలో ఇంకో గరిటె పులుసు పోసి, "తిను, సల్లారిపోద్ది" అంది.

ఇంకోసారి గట్టిగా చెప్పాను. ఒట్టు వేసి చెప్పాను. వాళ్ళు ఇంకా జాలిగా చూశారు. తప్పు ఒప్పుకుంటే ఊరు నమ్మదని నేను ఎప్పుడూ అనుకోలేదు.